ఆపిల్ పై - మార్చదగినవి, మార్చరానివి

ఆపిల్ పై పేరు విననివారు యీ రోజుల్లో తక్కువ. పిల్లలు అమెరికాలోనో ఇంగ్లండులోనో స్థిరపడిన యిళ్ళలో దాన్ని తిన్నవారూ వున్నారు. కాని యింట్లో చేసి చూద్దామని పూనుకొంటే మొదటిసారి నిరాశ కలగడం సామాన్యం. అడుగు పొర పచ్చిముద్దలా వుంటుంది. మీది పొర కత్తికి లొంగదు. లోపలి పండు గుజ్జయిపోయి నీళ్ళు కారుతుంది. కిలోంబావు పళ్ళు, పావుకిలో వెన్న, సగం పూట శ్రమ వృథా అయితే ఏ యిల్లాలికైనా కష్టంగానే వుంటుంది. “యిది మన చేతి వంట కాదులే” అని ఆ ఓవెన్‌ను మళ్ళీ అటకమీదికి ఎక్కించేస్తారు.

నిజానికి పిండిలో పూర్ణం పెట్టి వండడం మనకు కొత్త కాదు. బొబ్బట్లు, కజ్జికాయలు, బూరెలు చేసే చేతులకు యిదొక లెక్కలోనిది కాదనిపిస్తుంది. చిక్కు వచ్చేది అక్కడే. బొబ్బట్టుకు పిండి ఎంత మర్దిస్తే అంత సాగుతుంది, అంత మెత్తగా వస్తుంది. ఆపిల్ పై పిండిని మర్దిస్తే చెడుతుంది. మనకు ఏది నేర్పో, దానికి అదే దోషం. ఆ ఒక్క సంగతి తెలుసుకొంటే సగం పని అయినట్టే.

ఈ పండు ఎక్కడిది, యీ వంట ఎక్కడిది?

వండేముందు దీని ప్రయాణం కొంచెం తెలుసుకోవడం మంచిది. ఏది వుంచుకోవాలో, ఏది మార్చుకోవచ్చునో ఆ కథే చెబుతుంది.

“ఆపిల్ పై అంత అమెరికన్” అని అమెరికాలో ఒక నానుడి. చిత్రమేమంటే ఆ పండూ అక్కడిది కాదు, ఆ వంటా అక్కడిది కాదు. మనం తినే ఆపిల్‌కు మూలమైన అడవిచెట్లు మధ్య ఆసియాలో, కజకిస్తాన్ వైపు తియాన్‌షాన్ కొండల్లో వున్నాయి. అక్కడి అల్మాటీ నగరం పేరులోని “అల్మా” అనే మాటకు అర్థం ఆపిల్ పండే. ఆ కొండల నుంచి వర్తకుల దారుల వెంట పండు పడమటికి పోయి ఐరోపా చేరింది. ఉత్తర అమెరికాలో మొదట వున్నవి చిన్న చిన్న పుల్లని అడవి ఆపిళ్ళు మాత్రమే. తినే ఆపిల్ అక్కడికి ఐరోపానుంచి వలస వెళ్ళినవారి గింజలతోనూ అంట్లతోనూ చేరింది.

వంట సంగతీ అంతే. ఇంగ్లండులో 14వ శతాబ్దం చివరినాటి వంట వ్రాతల్లోనే ఆపిళ్ళను పిండి గూటిలో పెట్టి కాల్చే పద్ధతి కనబడుతుంది. అందులో ఆపిళ్ళతోపాటు అత్తిపళ్ళు, ఎండుద్రాక్ష, బేరిపళ్ళు, సుగంధద్రవ్యాలు, రంగుకు కుంకుమపువ్వు వేసేవారు. పంచదార ఆ రోజుల్లో అక్కడ అపురూపం గనుక తీపి పళ్ళలోనుంచే రావాలి. ఆనాటి పిండి గూడు మందంగా, గట్టిగా వుండేది. అది ముందు పాత్ర, తరువాతే తిండి. పొరలు పొరలుగా విడే మెత్తని పిండి ఆ తరువాత తరాల నేర్పు.

అమెరికాలో 1796లో హార్ట్‌ఫర్డ్ పట్టణంలో అమీలియా సిమ్మన్స్ అనే ఆమె “అమెరికన్ కుకరీ” అనే వంటపుస్తకం అచ్చువేయించింది. అమెరికన్ రచయిత వ్రాసి ఆ దేశంలోనే అచ్చయిన మొదటి వంటపుస్తకంగా దానికి పేరు. అందులో ఆపిల్ పై వున్నది. అంటే వలస వెళ్ళినవారి మనుమలు, మునిమనుమలు దాన్ని అప్పటికే తమ యింటి వంటగా వ్రాసుకొన్నారన్నమాట.

ఇక మన దేశంలో ఆపిల్‌కు వచ్చిన మలుపు కూడా ఒక వలస కథే. శామ్యూల్ ఎవాన్స్ స్టోక్స్ అనే అమెరికన్ యువకుడు సిమ్లా కొండల్లోని కోట్‌గఢ్‌లో స్థిరపడి, 1916 ప్రాంతంలో తన దేశపు “రెడ్ డెలీషియస్” రకం ఆపిల్‌ను అక్కడ నాటాడు. ఆయన స్వాతంత్ర్యోద్యమంలో జైలుకు వెళ్ళాడు, తరువాత సత్యానంద్ స్టోక్స్ అయ్యాడు. హిమాచలంలో ఆపిల్ తోటల సేద్యం పెరగడానికి ఆయన నాటిన చెట్లు గొప్ప దోహదం చేశాయి.

ఇంత దూరం తిరిగిన యీ వంటలో మారనివి మూడే మూడు. కొవ్వు చల్లగా వుండాలి, పండు పుల్లగా వుండాలి, అడుగు బాగా కాలాలి. మిగిలినవన్నీ దేశాన్ని బట్టీ యింటిని బట్టీ మారుతూనే వచ్చాయి.

మొదటి నియమం: చల్లదనం

మైదాలో నీరు కలిపి పిసికితే అందులోని మాంసకృత్తులు కలిసి సాగే బంకగా మారుతాయి. దాన్నే గ్లూటెన్ అంటారు. బొబ్బట్టుకు అది కావాలి, దీనికి అక్కరలేదు. అందుకే ముందు పిండికి వెన్న పట్టించి, తరువాత అతి కొద్దిగా నీరు చల్లి, ముద్ద కట్టీకట్టనట్టుగా దగ్గరికి తీస్తే చాలు.

రెండో కారణం మరీ ముఖ్యం. వెన్న పిండిలో పూర్తిగా కలిసిపోకూడదు. బఠాణీ గింజంత ముక్కలుగా నిలిచి వుండాలి. కర్రతో వత్తినప్పుడు ఆ ముక్కలు రేకులవుతాయి. వెన్నలో నూటికి సుమారు 16 పాళ్ళు నీరే. వేడి ఓవెన్‌లో ఆ నీరు ఆవిరై పొరల్ని విడదీస్తుంది. తాపేశ్వరం మడత కాజాలో మడతవల్ల పొరలు వస్తాయి. ఇక్కడ వెన్న రేకుల వల్ల వస్తాయి.

వెన్న 32 - 35 డిగ్రీల మధ్య కరిగిపోతుంది, అంతకు ఎంతో ముందే జారిపోయేంత మెత్తబడుతుంది. చెన్నైలోనో బరంపురంలోనో యానాంలోనో వేసవి మధ్యాహ్నం వంటింటి వేడి ఎంతో చెప్పనక్కరలేదు గదా! అందుచేత అక్కడివారు తెల్లవారుజామున యీ పని పెట్టుకోవడం మంచిది. బెంగుళూరువారికి ఆ బాధ కొంత తక్కువ. వెన్న, పిండి, కలిపే గిన్నె కూడా ముందుగా ఫ్రిజ్‌లో పెట్టండి. నీళ్ళు మంచు వేసినవై వుండాలి. అరచేయి వెచ్చన, వేళ్ళ కొసలు చల్లన. కాబట్టి వేళ్ళ కొసలతోనే కలపండి.

రెండో నియమం: పులుపు

ఇంగ్లండులో దీనికి “బ్రామ్లీ” అనే ప్రత్యేకమైన వంట ఆపిల్ వాడతారు. 1809లో సౌత్‌వెల్ అనే వూళ్ళో ఒక బాలిక నాటిన గింజనుంచి వచ్చిన రకమది. పచ్చిగా తినలేనంత పులుపు. మన బజారులో దొరికే ఎర్రని తియ్యని ఆపిల్ కోసుకొని తినడానికి బాగుంటుంది గాని ఓవెన్‌లో రుచి చప్పబడి, ముక్క పిండిలా చెదురుతుంది. పచ్చని తోలు గల “గ్రానీ స్మిత్” దొరికితే అదే శ్రేష్ఠం. దాని పులుపు నిలుస్తుంది, ముక్కా నిలుస్తుంది. సగం పచ్చవి, సగం ఎర్రవి కలుపుకొంటే రుచి యింకా బాగుంటుంది. ఎర్రవే గతి అయితే గట్టివి ఏరి, పంచదార తగ్గించి, నిమ్మరసం పెంచండి.

మూడో నియమం: అడుగు కాలడం

పండులోని నీరే అడుగు పొరకు శత్రువు. దానికి మూడు వుపాయాలు. ముక్కలకు పంచదార కలిపి అరగంట వుంచితే రసం దిగుతుంది. ఆ రసాన్ని వేరే గిన్నెలోకి వంచి చిన్న మంటమీద పాకంలా చిక్కబెట్టి మళ్ళీ ముక్కల్లో కలపాలి. రెండు, గాజు పళ్ళెం కంటె రేకు పళ్ళెం త్వరగా వేడెక్కుతుంది. మూడు, ఓవెన్‌లో ఒక యినుప ట్రేను ముందే బాగా కాగనిచ్చి, పళ్ళెం దానిమీద, కింది అరలో పెట్టాలి.

కావలసిన వస్తువులు (9 అంగుళాల పళ్ళేనికి)

పిండికి: మైదా 330 గ్రాములు, వెన్న 220 గ్రాములు, మంచునీళ్ళు సుమారు 110 మిల్లీలీటర్లు, పంచదార 1 పెద్ద చెంచా, ఉప్పు అర చిన్న చెంచా. పిండి మూడు పాళ్ళు, వెన్న రెండు, నీరు ఒకటి అని గుర్తుంచుకొంటే లెక్క ఎప్పుడూ తప్పదు. బజారు వెన్నలో ఉప్పు వుంటే వేరే ఉప్పు వద్దు. ఇంట్లో తీసిన వెన్నలో మజ్జిగ నీరు మిగిలి వుంటుంది. గట్టిగా పిండి, చల్లబెట్టి వాడాలి.

పూర్ణానికి: ఆపిళ్ళు కిలోంబావు, పంచదార 125 గ్రాములు, నిమ్మకాయ 1, దాల్చినచెక్క పొడి 1 చిన్న చెంచా, జాజికాయ పొడి చిటికెడు, కార్న్‌ఫ్లోర్ ఒకటిన్నర పెద్ద చెంచాలు, ఉప్పు చిటికెడు.

చేసే విధం

మైదా, ఉప్పు, పంచదార కలిపి, వెన్నను చిన్న ముక్కలుగా కోసి అందులో వెయ్యండి. వేళ్ళ కొసలతో నలపండి. కొంత రవ్వలాగా, కొంత బఠాణీలలాగా కనబడగానే ఆపండి. నీళ్ళు చెంచా చెంచాగా చల్లుతూ దగ్గరికి తీయండి. పిడికిట పట్టి నొక్కితే నిలిచిందా, యిక నీళ్ళు వద్దు. రెండు వుండలుగా చేసి, ఒకటి కొంచెం పెద్దదిగా వుంచి, బిళ్ళల్లా అణచి, మూతపెట్టి ఫ్రిజ్‌లో కనీసం గంటసేపు వుంచండి. ఈ విశ్రాంతి లేకపోతే పొర ఓవెన్‌లో ముడుచుకుపోతుంది.

ఈలోగా ఆపిళ్ళు తొక్కు తీసి, గింజల గూడు తొలగించి, పావు అంగుళం మందాన కోసి, నిమ్మరసం పట్టించండి. పంచదార, ఉప్పు కలిపి, పైన చెప్పినట్టు రసం దింపి చిక్కబెట్టండి. పాకం చల్లారాక ముక్కల్లో కలిపి, సుగంధాలు, కార్న్‌ఫ్లోర్ చేర్చండి. వేడి పూర్ణం పిండిమీద వేస్తే వెన్న అప్పుడే కరిగిపోతుంది. జాగ్రత్త.

పెద్ద వుండను పొడిపిండి చల్లిన పీటమీద మధ్యనుంచి అంచులకు వత్తండి. పళ్ళెంకంటె రెండు మూడు అంగుళాలు వెడల్పు కావాలి. కర్రకు చుట్టి ఎత్తి పళ్ళెంలో పరచండి. లాగి సాగదీయవద్దు. పూర్ణం మధ్యలో గుట్టగా పెట్టండి, కాలితే అణుగుతుంది. రెండో పొర కప్పి, అంచులు కలిపి కజ్జికాయకు మడత వేసినట్టే మడవండి. మన చేతికి అలవాటైన పని యిదొక్కటే, యిక్కడ మన పనితనం చూపవచ్చును. మీదిపొరకు నాలుగైదు గాట్లు పెడితే ఆవిరికి దారి. పాలు పూసి, కాస్త పంచదార చల్లి, పది నిమిషాలు ఫ్రిజ్‌లో వుంచండి.

ఓవెన్ 220 డిగ్రీలకు కాగాక 20 నిమిషాలు, తరువాత 190 డిగ్రీలకు తగ్గించి 40 నుంచి 50 నిమిషాలు కాల్చండి. గాట్లలోనుంచి రసం చిక్కగా బుడగలు వచ్చేవరకు తియ్యవద్దు. అంతకు ముందే మీదిపొర ఎర్రబడితే రేకు కాగితం కప్పండి. కన్వెక్షన్ లేని మైక్రోవేవ్‌లో యిది కుదరదు.

దించాక కనీసం మూడు గంటలు ఆరనివ్వాలి. “ఆలస్యం అమృతం విషం” అన్న సామెత యిక్కడ చెల్లదు. వేడిమీద కోస్తే రసం కారిపోతుంది, ఆరితే గడ్డకడుతుంది.

మార్చుకోదగినవి

ఇంగ్లండులోనూ అమెరికాలోనూ పాతకాలంలో పిండికి పందికొవ్వు విరివిగా వాడేవారు. శాకాహారులకు వెన్న చాలు, ఏమీ లోపం రాదు. నేయి వాడితే పిండి గుల్లగా వస్తుంది గాని, అందులో నీరు లేదు గనుక పొరలు విడవవు. గుడ్డు ఎక్కడా అక్కరలేదు. దాల్చినచెక్కకు బదులు లవంగం, యాలకులు వెయ్యవచ్చును. పంచదారలో కొంత బెల్లం చేర్చవచ్చును. వడ్డించే తీరు కూడా వూరికొకటి. అమెరికాలో ఐస్‌క్రీముతో, ఇంగ్లండులో కస్టర్డుతో, యార్క్‌షైరులో జున్నుగడ్డ, అంటే చీజు ముక్కతో తింటారు. ఎవరిదీ తప్పు కాదు.

స్వస్థలం విడిచి తరాలు గడిచిన మనకు యీ మర్మం కొత్త కాదు. కన్నడ దేశంలో, తమిళ దేశంలో, ఒడిశాలో, మహారాష్ట్రంలో మన పెద్దలు అక్కడ దొరికిన పప్పుతోనూ చింతపండుతోనూ మిరపకాయతోనూ మన వంట నిలబెట్టారు. దినుసు మారినా, వంటకు ప్రాణమైన పద్ధతి వదలలేదు. అందుకే అది యింకా మన వంటే. పరాయి వంటను మన యింటికి తెచ్చుకొనేటప్పుడు దానికీ అదే మర్యాద చేద్దాం. ప్రాణమైన మూడింటిని వుంచి, మిగిలినవి మన యింటికి తగినట్టు దిద్దుకొందాం. మొదటి ‘పై’ కొంచెం వంకరగా వచ్చినా దిగులుపడకండి. చల్లగా, పుల్లగా, బాగా కాలినదైతే, వంకర సంగతి తినేవారెవ్వరూ అడగరు.