డిలీట్‌ చేయని టేకు

హైదరాబాద్‌ శివారు బడంగ్‌పేట్‌లో ఎండ తగ్గగానే డాబాల మీదికి ఫోన్లు, ట్రైపాడ్లు ఎక్కుతాయి. నీళ్ల ట్యాంకు పక్కన ఓ అమ్మాయి ఒకే స్టెప్పు మళ్లీ మళ్లీ వేస్తుంటుంది. చున్నీ జారితే డిలీట్‌. వెనక ఆరేసిన బట్టలు పడితే డిలీట్‌. కింద నుంచి వాళ్లమ్మ కేకేస్తే అదీ డిలీట్‌. లోకానికి మిగిలేది పదిహేను సెకన్లు. తమను తామే వీడియో తీసుకోవడాన్ని కళగా చేపట్టినవాళ్లలో కొందరు మాత్రం డిలీట్‌ చేయాల్సిన ఆ ముక్కనే అట్టిపెట్టారు.

సోనియా ఖురానా ‘బర్డ్‌’ చూడండి. సహారన్‌పూర్‌లో పుట్టి, లండన్‌ రాయల్‌ కాలేజ్‌ ఆఫ్‌ ఆర్ట్‌లో చదువుకున్న ఆమె 1999లో తీసిన నలుపు తెలుపు వీడియో అది. బట్టల్లేని, బరువైన సొంత ఒళ్లు. చేతులే రెక్కలుగా ఎగరబోతుంది, తూలుతుంది, పడుతుంది, మళ్లీ లేస్తుంది. చూస్తుంటే ముందు నవ్వొస్తుంది, నవ్వినందుకు సిగ్గేస్తుంది. ఇదే ఫొటో అయితే ఎగరబోయిన క్షణం ఒక్కటే దక్కేది. పడటం చూపించాలంటే వీడియోనే కావాలి.

ఆడవాళ్ల ముఖం ఎవరు తీయాలన్న పేచీ హైదరాబాద్‌కు పాతదే. 1892లో రాజా దీన్‌దయాళ్‌ పరదా స్త్రీల కోసం ఇక్కడ జనానా స్టూడియో పెట్టి, మిసెస్‌ కెన్నీ లెవిక్‌ అనే ఇంగ్లిష్‌ ఆమెకు అప్పగించారు. కెమెరా ఆడవాళ్ల చేతికైతే వచ్చింది, ఎదుట కూర్చున్నామె చేతికి రాలేదు.

శిల్పం చదువుకున్న బెంగళూరు కళాకారిణి పుష్పమాల ఎన్‌. 1990లలో తానే కెమెరా ముందుకు వచ్చేశారు. ఫొటోగ్రాఫర్‌ క్లేర్‌ ఆర్నీతో కలిసి చేసిన ‘నేటివ్‌ విమెన్‌ ఆఫ్‌ సౌత్‌ ఇండియా’లో (2000-2004) ఒకసారి రవివర్మ లక్ష్మి అయ్యారు. ఇంకోసారి, తెల్లదొరలు గళ్ల తెర ముందు నిలబెట్టి కొలతలు తీసిన గిరిజన స్త్రీ అయ్యారు. ఇంతకీ అసలు పుష్పమాల ఎవరంటారా? ఆ ప్రశ్న అడిగించడమే ఆమె పని.

ఖురానా, పుష్పమాలల కంటే ముందే, 1973లో, అమెరికన్‌ పీటర్‌ కాంపస్‌ ‘త్రీ ట్రాన్సిషన్స్‌’ తీశాడు. మొత్తం ఐదు నిమిషాలు. మనవాళ్లు గ్రీన్‌మ్యాట్‌ అంటారే, ఆ కిటుకే, రంగు మాత్రం నీలం. ముఖానికి ఆ రంగు పూసుకుంటుంటే పూసిన చోటల్లా ముఖం మాయమై, కింద నుంచి అతనిదే ఇంకో ముఖం బయటపడుతుంది. చివరికి, కాగితం మీద కదులుతున్న తన బొమ్మకే నిప్పు పెడతాడు. కాగితం మండిపోతుంటే ఆ ముఖం మాత్రం ఏమీ జరగనట్టే ఉంటుంది.

దిల్‌సుఖ్‌నగర్‌లో ఎడిటింగ్‌ నేర్చుకునే కుర్రాడు గ్రీన్‌మ్యాట్‌ చేతికి రాగానే హీరో వెనక స్విట్జర్లాండ్‌ పెడతాడు. యాభై ఏళ్ల కిందట ఒకాయన ఇదే పద్ధతిలో తన ముఖాన్నే చెరిపేసుకున్నాడని మొదటి క్లాసులోనే చూపిస్తే, ఆ స్విట్జర్లాండ్‌ గోల కొంతైనా తగ్గుతుంది.