ఫోన్‌లో ఫోటో డిలీట్ చేస్తే క్లౌడ్‌లో ఉంటుందా? మీ డేటా ఎక్కడుంటుంది.. ఎలా పోతుంది.. ఏం చేస్తే మిగులుతుంది?

ఫోన్‌లో "స్టోరేజ్ ఫుల్" అని కనిపించగానే చాలామంది చేసే పని ఒక్కటే. గూగుల్ ఫోటోస్ యాప్ తెరవడం, పాత ఫోటోలన్నీ సెలెక్ట్ చేసి డిలీట్ కొట్టడం. "క్లౌడ్‌లో బ్యాకప్ అయ్యాయిగా, ఎక్కడికి పోతాయిలే" అన్న ధీమా. తీరా కొన్ని నెలల తర్వాత పాప అన్నప్రాసన ఫోటో కోసం వెతికితే ఫోన్‌లోనూ ఉండదు, క్లౌడ్‌లోనూ ఉండదు.

ఇది యాప్ లోపం కాదు, అది అలాగే పనిచేస్తుంది. ఇదే పొరపాటు ఫోన్ వాడే మామూలు జనమే కాదు, పెద్ద పెద్ద కంపెనీలు, చివరికి ఓ దేశ ప్రభుత్వం కూడా చేసింది. అసలు డేటా ఎక్కడ నిల్వ ఉంటుంది? క్లౌడ్ అంటే ఏంటి? ఎన్ని చోట్ల దాచుకుంటే భయం లేకుండా ఉండొచ్చు? తెలుసుకుందాం.

ఫోన్‌లో ఏం జరుగుతుంది?

ఫోన్ కొనేటప్పుడు "8 జీబీ, 128 జీబీ" అని రెండు అంకెలు చెబుతారు. మొదటిది ర్యామ్. అంటే ఫోన్ పని చేస్తున్నంతసేపు వాడుకునే తాత్కాలిక జాగా. స్విచాఫ్ చేస్తే అందులో ఉన్నదంతా పోతుంది. రెండోది అసలు స్టోరేజ్. ఫోటోలు, వీడియోలు, యాప్‌లు ఉండేది ఇందులోనే.

ఈ స్టోరేజ్‌ను ఫ్లాష్ మెమరీ అంటారు. ఇందులో తిరిగే భాగాలేవీ ఉండవు. చిప్‌లోని అతి చిన్న గదుల్లో విద్యుత్ ఆవేశాన్ని బంధించి సమాచారాన్ని దాస్తారు. పెన్‌డ్రైవ్, మెమరీ కార్డ్, ల్యాప్‌టాప్‌లోని ఎస్‌ఎస్‌డీ.. అన్నీ ఇదే కోవలోవి. వేగం ఎక్కువ, కింద పడినా తట్టుకుంటాయి. అయితే కరెంట్ తగలకుండా ఏళ్ల తరబడి బీరువాలో పడేస్తే ఆ ఆవేశం మెల్లగా తగ్గిపోయి డేటా దెబ్బతినే ప్రమాదం ఉంది. పెళ్లి వీడియో ఉన్న పెన్‌డ్రైవ్‌ను నగల పెట్టెలో పెట్టి మర్చిపోయేవాళ్లు ఇది గుర్తుంచుకోవాలి.

పాత కంప్యూటర్లలో ఉండే హార్డ్ డిస్క్ వేరు. అందులో గుండ్రటి పళ్లేలు గిర్రున తిరుగుతుంటాయి. వాటి మీద అయస్కాంత గుర్తుల రూపంలో డేటా ఉంటుంది. తక్కువ ధరకు ఎక్కువ జాగా దొరుకుతుంది కానీ, నడుస్తున్నప్పుడు చేయి జారి కింద పడిందా.. ఇక అంతే.

1 టీబీ కొంటే 931 జీబీయేనా?

1 టీబీ హార్డ్ డిస్క్ కొని విండోస్ కంప్యూటర్‌కు పెడితే 931 జీబీ అనే చూపిస్తుంది. షాపువాడు మోసం చేశాడేమోనని కంగారు పడక్కర్లేదు. తయారు చేసే కంపెనీ 1 టీబీ అంటే లక్ష కోట్ల బైట్లు అని లెక్కేస్తుంది. విండోస్ మాత్రం ఒక్కో మెట్టుకు 1000 బదులు 1024 చొప్పున భాగిస్తుంది. జాగా అంతే ఉంటుంది, లెక్క కట్టే తీరులోనే తేడా.

అయితే ఆన్‌లైన్‌లో కారుచౌకగా దొరికే "2 టీబీ పెన్‌డ్రైవ్" లాంటి వాటి విషయంలో నిజంగానే జాగ్రత్త పడాలి. కంప్యూటర్‌లో పెడితే 2 టీబీ అనే చూపించి, లోపల చాలా తక్కువ జాగా ఉండే నకిలీలు మార్కెట్లో ఉన్నాయి. ఆ హద్దు దాటాక కాపీ చేసిన ఫైళ్లు ఉన్నట్టే కనిపిస్తాయి, తెరిస్తే మాత్రం ఏమీ ఉండదు.

క్లౌడ్ అంటే ఆకాశంలో లేదు

క్లౌడ్ అనే పేరు విని డేటా ఎక్కడో గాల్లో ఉంటుందని అనుకుంటాం. నిజానికి అది వేరే కంపెనీ బిల్డింగ్‌లో ఉన్న కంప్యూటర్లలో ఉంటుంది. ఆ బిల్డింగ్‌నే డేటా సెంటర్ అంటారు. వేలాది సర్వర్లు, వాటిని చల్లబరిచే యంత్రాలు, కరెంట్ పోతే ఆదుకునే బ్యాటరీలు, జనరేటర్లు అక్కడుంటాయి. అమెజాన్ వెబ్ సర్వీసెస్ 2022 నవంబర్‌లో హైదరాబాద్‌లో తన క్లౌడ్ రీజియన్‌ను ప్రారంభించింది. విశాఖపట్నంలో ఐదేళ్లలో 1,500 కోట్ల డాలర్లతో ఏఐ హబ్ ఏర్పాటు చేస్తామని గూగుల్ 2025 అక్టోబర్‌లో ప్రకటించింది. అందులో ప్రధాన భాగం డేటా సెంటరే.

పెద్ద క్లౌడ్ కంపెనీలు సాధారణంగా ఒకే ఫైల్‌ను ఒకటికి మించి డిస్కుల్లో, చాలాసార్లు వేర్వేరు బిల్డింగుల్లో ఉంచుతాయి. ఒక డిస్క్ పాడైనా ఫైల్ పోదు. మరి గూగుల్ ఫోటోస్‌లో ఫోటో ఎందుకు పోయింది?

ఇక్కడే అసలు కిటుకు ఉంది. సింక్ వేరు, బ్యాకప్ వేరు. సింక్ అంటే అద్దం లాంటిది. ఫోన్‌లో ఏం చేస్తే క్లౌడ్‌లోనూ అదే జరుగుతుంది. ఫోటో తీస్తే అక్కడికీ వెళుతుంది, డిలీట్ చేస్తే అక్కడా డిలీట్ అవుతుంది. గూగుల్ ఫోటోస్‌లో బ్యాకప్ అయిన ఫోటోను డిలీట్ చేస్తే 60 రోజులు ట్రాష్‌లో ఉండి ఆ తర్వాత శాశ్వతంగా పోతుంది. ఐఫోన్‌లో ఐక్లౌడ్ ఫోటోస్ ఆన్‌లో ఉంటే ఈ గడువు 30 రోజులే.

ఫోన్‌లో జాగా మాత్రమే ఖాళీ కావాలంటే గూగుల్ ఫోటోస్‌లోనే "ఫ్రీ అప్ స్పేస్" అనే ఆప్షన్ ఉంది. అప్పటికే క్లౌడ్‌కు చేరిన ఫోటోలను ఫోన్‌లోంచి మాత్రమే తీసేస్తుంది, క్లౌడ్‌లోవి అలాగే ఉంటాయి.

15 జీబీ ఎందుకు అంత త్వరగా నిండుతుంది?

గూగుల్ ఖాతాకు ఉచితంగా ఇచ్చే 15 జీబీ ఒక్క ఫోటోలకే కాదు. జీమెయిల్, డ్రైవ్, ఫోటోస్ మూడింటికీ కలిపి అంతే. 2021 జూన్ 1కి ముందు "హై క్వాలిటీ"లో పెట్టిన ఫోటోలను గూగుల్ లెక్కలోకి తీసుకునేది కాదు. ఆ రోజు నుంచి కొత్తగా ఎక్కిన ప్రతి ఫోటో లెక్కలోకి వస్తోంది. ఆండ్రాయిడ్ ఫోన్లలో వాట్సాప్ బ్యాకప్ కూడా ఇప్పుడు ఈ 15 జీబీలోంచే పోతోంది. అంటే ఫ్యామిలీ గ్రూపులో వచ్చే గుడ్ మార్నింగ్ వీడియోలూ ఈ జాగాలో వాటా తీసుకుంటాయన్నమాట.

15 జీబీ నిండిపోతే కొత్త ఫోటోలు బ్యాకప్ కావు, జీమెయిల్‌కు మెయిల్స్ రావడమూ ఆగిపోతుంది. రెండేళ్ల పాటు అసలు వాడని వ్యక్తిగత గూగుల్ ఖాతాను, అందులోని డేటాతో సహా తొలగించే అధికారం కూడా గూగుల్‌కు ఉంది. పాత ఫోన్‌లోని ఖాతాలో ఫోటోలు ఉంటే అప్పుడప్పుడూ లాగిన్ అవుతుండటం మంచిది.

ఒక్క మంట.. 858 టీబీ బూడిద

ఒకే చోట దాచుకుంటే ఏమవుతుందో దక్షిణ కొరియాను అడగాలి. 2025 సెప్టెంబర్ 26 రాత్రి డేజాన్ నగరంలోని జాతీయ సమాచార వనరుల కేంద్రంలో మంటలు చెలరేగాయి. లిథియం అయాన్ బ్యాటరీలను వేరే చోటికి తరలించే పనిలో ఉండగా ఈ ప్రమాదం జరిగింది. వందలాది ప్రభుత్వ ఆన్‌లైన్ సేవలు ఒక్కసారిగా నిలిచిపోయాయి.

వాటిలో చాలావరకు తర్వాత మెల్లగా కోలుకున్నాయి. కోలుకోనిది "జీ-డ్రైవ్". ప్రభుత్వ ఉద్యోగులు ఆఫీసు ఫైళ్లు దాచుకునే క్లౌడ్ ఇది. ఒక్కొక్కరికి 30 జీబీ కేటాయించారు. కొన్ని శాఖల్లోనైతే ఫైళ్లను ఆఫీస్ కంప్యూటర్లలో కాకుండా దీంట్లోనే ఉంచాలని నిబంధన కూడా పెట్టారు. ఆ మంటల్లో పోయిన డేటా 858 టీబీ. 128 జీబీ ఫోన్లు దాదాపు 6,700 నిండేంత.

దీనికి వేరే చోట బ్యాకప్ లేదు. పరిమాణం చాలా పెద్దది కాబట్టి బయట కాపీ ఉంచలేకపోయామని అధికారులు చెప్పారు. రూల్ పాటించి అన్నీ అక్కడే పెట్టిన ఉద్యోగులే ఎక్కువ నష్టపోయారు. క్లౌడ్‌లో ఉంది కాబట్టి భద్రం అన్న నమ్మకం ఒక్క రాత్రిలో కూలిపోయింది.

ఇది మొదటిసారి కూడా కాదు. 2021 మార్చి 10న ఫ్రాన్స్‌లోని స్ట్రాస్‌బర్గ్‌లో ఓవీహెచ్ క్లౌడ్ కంపెనీ డేటా సెంటర్ ఒకటి పూర్తిగా కాలిపోయింది. వేరే చోట బ్యాకప్ పెట్టుకోని కస్టమర్ల డేటా శాశ్వతంగా పోయింది.

కంపెనీలు ఎలా దాచుకుంటాయి?

కంపెనీలు డేటాను అవసరాన్ని బట్టి విడదీస్తాయి. రోజూ వాడే లెక్కలు, ఆర్డర్లు వేగంగా ఉండే ఎస్‌ఎస్‌డీల్లో ఉంటాయి. అప్పుడప్పుడూ చూసేవి హార్డ్ డిస్కుల్లో. ఏళ్ల తరబడి దాచాల్సిన పాత రికార్డులు ఇప్పటికీ టేపుల్లో ఉంచేవాళ్లు చాలామంది. ఒకప్పటి పాటల క్యాసెట్‌లో ఉండే మ్యాగ్నెటిక్ టేపే, కాకపోతే ఎల్‌టీవో-9 రకం టేపు ఒక్కదాంట్లో 18 టీబీ పడుతుంది. బయటకు తీసి అలమరలో పెట్టేస్తే హ్యాకర్ దాన్ని తాకలేడు.

కాపీ ఉంటే సరిపోదు, అది పనికొస్తుందో లేదో కూడా చూసుకోవాలి. 2017 జనవరి 31న గిట్‌ల్యాబ్ అనే సాఫ్ట్‌వేర్ సంస్థలో ఒక ఇంజినీర్ పొరపాటున అసలు డేటాబేస్‌నే డిలీట్ చేశాడు. గుర్తించి ఆపేసరికి 300 జీబీలో 4.5 జీబీ మాత్రమే మిగిలింది. బ్యాకప్‌లకు ఐదు ఏర్పాట్లు ఉన్నా, ఆ క్షణంలో ఏదీ సరిగ్గా ఆదుకోలేదు. అదృష్టవశాత్తూ ఆరు గంటల ముందు వేరే పని కోసం తీసిన కాపీ ఒకటి దొరకడంతో బతికిపోయారు.

సినిమా వాళ్లకూ ఈ గండం తప్పలేదు. 1998లో పిక్సార్ స్టూడియోలో "టాయ్ స్టోరీ 2" ఫైళ్లు ఒక తప్పుడు కమాండ్‌తో చాలావరకు చెరిగిపోయాయి. బ్యాకప్ చూస్తే అదీ సరిగ్గా లేదు. పసిబిడ్డ ఉండటంతో ఇంటి నుంచి పనిచేస్తున్న టెక్నికల్ డైరెక్టర్ గాలిన్ సస్‌మన్ కంప్యూటర్‌లో ఉన్న కాపీయే ఆ సినిమాను కాపాడింది.

ఆస్ట్రేలియా పెన్షన్ ఫండ్ యూనీసూపర్ కథ మాత్రం వేరు. 2024 మేలో గూగుల్ క్లౌడ్‌లో సెట్టింగ్ తప్పు వల్ల ఆ సంస్థ ప్రైవేట్ క్లౌడ్ మొత్తం డిలీట్ అయిపోయింది. 6 లక్షలకు పైగా సభ్యులు వారం పాటు ఖాతాలు చూసుకోలేకపోయారు. అయితే మరో కంపెనీ దగ్గర కూడా బ్యాకప్ ఉంచడంతో సేవలు మళ్లీ నిలబడ్డాయి. ఎవరి పెన్షన్ డబ్బూ పోలేదు.

షాపులు, చిన్న వ్యాపారుల సంగతేంటి?

కిరాణా హోల్‌సేల్, మెడికల్ షాపు, ఆడిటర్ ఆఫీసు.. వీటన్నిటి లెక్కలూ చాలాచోట్ల ఒకే కంప్యూటర్‌లో ఉంటాయి. బ్యాకప్ పెన్‌డ్రైవ్ ఉన్నా అదే టేబుల్ సొరుగులో ఉంటుంది. వరద వచ్చినా, షార్ట్ సర్క్యూట్ అయినా, దొంగలు పడినా రెండూ ఒకేసారి పోతాయి.

మరో ప్రమాదం రాన్సమ్‌వేర్. ఇది కంప్యూటర్‌లో దూరి ఫైళ్లకు తాళం వేసి డబ్బు అడుగుతుంది. ఆ సమయంలో తగిలించి ఉన్న బయటి హార్డ్ డిస్క్‌కూ తాళం వేసేస్తుంది. అందుకే బ్యాకప్ అవ్వగానే డిస్క్‌ను తీసి పక్కన పెట్టాలి.

సీసీ కెమెరా ఫుటేజీ విషయమూ చాలామందికి తెలీదు. డీవీఆర్‌లోని డిస్క్ నిండగానే పాత రికార్డింగ్ మీదే కొత్తది రాసుకుంటూ పోతుంది. దొంగతనం జరిగితే ఫుటేజీని వెంటనే కాపీ చేసుకోవాలి. నెల తర్వాత వెతికితే దొరకకపోవచ్చు.

3-2-1.. ఇదొక్కటి గుర్తుంటే చాలు

డేటా నిపుణులు చెప్పే సూత్రం 3-2-1. ముఖ్యమైన ఫైల్ మొత్తం 3 కాపీలు ఉండాలి. అవి 2 రకాల సాధనాల్లో ఉండాలి. వాటిలో 1 ఇంటికి లేదా ఆఫీసుకు బయట ఉండాలి. మామూలు కుటుంబానికి ఇది పెద్ద ఖర్చేం కాదు.

* ఫోన్‌లో ఒకటి, క్లౌడ్‌లో ఒకటి, బయటి హార్డ్ డిస్క్‌లో ఒకటి. మూడు కాపీలూ, బయట ఉండాల్సినదీ వచ్చేసినట్టే.
* మూడు నెలలకోసారి ఫోటోలను హార్డ్ డిస్క్‌లోకి కాపీ చేసి, తీసి పెట్టేయాలి.
* వాట్సాప్‌లో ఎన్‌క్రిప్టెడ్ బ్యాకప్ ఆన్ చేస్తే దాని పాస్‌వర్డ్ లేదా 64 అంకెల కీని కాగితం మీద రాసి పెట్టుకోవాలి. అది పోతే వాట్సాప్ కూడా తెరిచి ఇవ్వలేదు.
* డ్రైవింగ్ లైసెన్స్, మార్కుల మెమోల లాంటివి డిజీలాకర్‌లో ఇష్యూ చేసిన సంస్థ నుంచే తెచ్చుకుంటే చట్టం ప్రకారం ఒరిజినల్‌తో సమానం. గ్యాలరీలో ఉన్న ఫోటోకు ఆ విలువ ఉండదు.
* ఫోటోలన్నీ కుటుంబంలో ఒక్కరి ఖాతాలోనే ఉంటే, పాస్‌వర్డ్ ఎక్కడుందో ఇంకొకరికి కూడా తెలియాలి.

అన్నిటికంటే ముఖ్యమైన పని చివర్లో ఉంది. గిట్‌ల్యాబ్‌కు ఐదు బ్యాకప్‌లున్నా లోపల ఏముందో ముందే ఎవరూ తెరిచి చూడలేదు. ఇంట్లో ఉన్న హార్డ్ డిస్క్‌ను ఈ ఆదివారం ఒకసారి కంప్యూటర్‌కు పెట్టి, నాలుగైదు ఫోటోలు, ఒక వీడియో నిజంగా తెరుచుకుంటున్నాయో లేదో చూడండి. తెరుచుకుంటే నిశ్చింత. తెరుచుకోకపోతే ఇప్పుడే తెలిసినందుకు సంతోషించాలి, ఎందుకంటే ఫోన్‌లో ఉన్నది ఇంకా పోలేదు.