ఉద్దేశాన్ని తేల్చేదెవరు?

2023 నవంబర్ 19 అర్ధరాత్రి విశాఖ ఫిషింగ్ హార్బర్‌లో బోట్లు తగలబడ్డాయి. తెల్లవారేసరికే ఉద్దేశం ఖరారైపోయింది: ఎవరో కక్షగట్టి నిప్పు పెట్టారు, ఫలానా యూట్యూబర్ పనే! కొన్ని రోజుల తర్వాత పోలీసులు చెప్పింది వేరు. ఒక బోటులో మద్యం, ఆర్పకుండా విసిరిన సిగరెట్ పీక, పక్క బోటులో నైలాన్ వల. మత్స్యకార కుటుంబాల బతుకులు బుగ్గి కావడానికి ఏ కక్షా అక్కరలేకపోయింది. నష్టం అదే, దాని వెనుక మనసు వేరైతే నేరమే వేరు.

హత్యాయత్నం కేసుల్లో న్యాయస్థానాల చిక్కు ఇదే. పాత శిక్షాస్మృతిలో 307వ సెక్షన్, 2024 జూలై 1 నుంచి భారతీయ న్యాయ సంహితలో 109. గాయం చిన్నదైతే నేరమూ చిన్నదేనని న్యాయశాస్త్ర విద్యార్థులు సైతం పొరబడుతుంటారు. ప్రాణాంతకమైన గాయమే తగలనక్కర లేదని బలరాం బామా పాటిల్ కేసులో (1983) సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. మనసును నేరుగా చూడలేరు గనుక, ఆయుధమేమిటి, దెబ్బ ఎక్కడ పడింది, ఎంత బలంగా, పాత పగ ఉందా అన్న ప్రశ్నల నుంచే ఉద్దేశాన్ని రాబట్టాలి.

ఇదే నగరంలో 2018 అక్టోబర్ 25న విమానాశ్రయంలో నాటి ప్రతిపక్ష నేత జగన్‌మోహన్‌రెడ్డిపై కోడిపందెం కత్తితో దాడి జరిగింది. నిందితుడు అక్కడి క్యాంటీన్‌లో పనిచేసే దళిత యువకుడు. తాను అభిమానినేననీ, చంపే ఉద్దేశం లేదనీ అతని పక్షం వాదన. నిజమో కాదో విచారణే తేల్చాలి. కానీ గాయపడిన వ్యక్తి సాక్ష్యమే కీలకమైన ఆ కేసులో, అప్పటికి ముఖ్యమంత్రి అయిన ఆయన కోర్టుకు రావడానికి బదులు అడ్వకేట్ కమిషనర్‌ను నియమించాలని కోరారు. సాక్షికి పదవీ బాధ్యతలున్నాయి. నిందితుడికి జైలు ఉంది. 2024 ఫిబ్రవరిలో హైకోర్టు బెయిలిచ్చేనాటికి అయిదేళ్లు దాటాయి. శిక్ష పడకముందే అనుభవించిన ఆ కాలానికి లెక్క ఎవరు చెబుతారు?

మరో దిక్కు చూద్దాం. సాక్షుల సంఖ్య కాదు, నాణ్యత ముఖ్యమని 1957లోనే వడివేలు తేవర్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. బంధువైనంత మాత్రాన సాక్ష్యం చెల్లదనడానికీ వీల్లేదు. అయినా చుండూరులో (1991) 2007లో ప్రత్యేక కోర్టు నమ్మిన దళిత సాక్షుల మాటల్లో 2014లో హైకోర్టుకు వైరుధ్యాలే కనిపించాయి; శిక్షపడిన వారందరూ విడుదలయ్యారు. మూకదాడిలో ప్రాణభయంతో పరిగెత్తిన మనిషి, ఎవరి చేతిలో ఏ ఆయుధమున్నదో ఏళ్ల తరువాత పొల్లుపోకుండా చెప్పాలా? నా దృష్టిలో చిన్న తేడాలు కల్లకు గుర్తు కానే కావు. అందరూ ఒకే పాఠం అప్పజెబితేనే అనుమానించాలి.

సాక్షుల రక్షణ పథకాన్ని 2018లో సుప్రీంకోర్టు ఆమోదించింది. ఆ రక్షణ బెదిరింపు నుంచే. వాయిదాల నుంచి ఎవరూ కాపాడరు. హార్బర్ కలాసీ ఒకడు సాక్షి అనుకోండి: వేటకు బోటెక్కితే రోజుల తరబడి సముద్రంలోనే. సమన్లు వచ్చాయని ఒడ్డున ఆగితే ఆ విడత వేటలో వాటా పోతుంది. కోర్టుకు వెళితే కేసు వచ్చే నెలకు వాయిదా పడుతుంది.