జలాంతర్గామికీ నల్లగొండ గుట్టలకూ సంబంధమేమిటి?

సముద్రతీరం లేని దక్షిణ తెలంగాణ పీఠభూమి పేరు అణుశక్తితో నడిచే యుద్ధనౌకల చర్చలోకి రావడానికి రెండు కారణాలున్నాయి. నల్లగొండ జిల్లాలోని నాగార్జునసాగర్ పరిసరాల నుంచి పాత మహబూబ్‌నగర్ జిల్లాలోని అమ్రాబాద్ దాకా కృష్ణానది వెంబడి పరుచుకున్న గుట్టల్లో యురేనియం జాడలు బయటపడటం మొదటిది కాగా, సముద్రగర్భంలో సంచరించే జలాంతర్గాములకు సందేశాలు పంపే రేడియో కేంద్రానికి మహబూబ్‌నగర్ పొరుగునే ఉన్న వికారాబాద్ జిల్లాలోని దామగుండం అడవిని నౌకాదళం ఎంచుకోవడం రెండోది. ఈ రెండు చోట్లా ప్రజలు ఆందోళనకు దిగారు. అణుశక్తి నౌకను ఎలా నడుపుతుంది, అదే శక్తి విమానాల్లోనూ క్షిపణుల్లోనూ ఎందుకు నిలదొక్కుకోలేకపోయింది, దానికి కావలసిన ఇంధనం ఎక్కడి నుంచి రావాలి అన్న విషయాలు తెలిస్తే తప్ప ఈ ఆందోళనల వెనుక ఉన్న అసలు ప్రశ్న తేటపడదు.

గాలితో పనిలేని ఇంజను

అణ్వస్త్రం వేరు, అణు చోదనం వేరు. హైదరాబాద్ కంచన్‌బాగ్‌లోని రక్షణ పరిశోధన సంస్థల్లో రూపుదిద్దుకున్న అగ్ని క్షిపణులు అణ్వస్త్రాన్ని మోయగలవు గానీ, వాటిని ఆకాశంలోకి లేపేది మామూలు రసాయన ఘన ఇంధనమే. అణు చోదనం అంటే వాహనాన్ని కదిలించే ఇంజనుకే అణు రియాక్టర్ నుంచి వేడి అందడం. ఆ వాహనంలో ఉండే ఆయుధం అణ్వస్త్రమే కానక్కరలేదు.

యురేనియం-235 పరమాణు కేంద్రకాన్ని న్యూట్రాన్ తాకినప్పుడు అది రెండుగా చీలి, వేడితో పాటు మరికొన్ని న్యూట్రాన్లను వెలువరిస్తుంది. అవి పక్కనున్న కేంద్రకాలను చీలుస్తూ పోవడాన్ని గొలుసు చర్య అంటారు. ఒక కిలో యురేనియం-235 పూర్తిగా విచ్ఛిత్తి చెందితే వెలువడే వేడి సుమారు 2,700 టన్నుల మేలురకం బొగ్గును కాల్చితే వచ్చే వేడితో సమానం. నౌకల్లో వాడే రియాక్టర్లలో అత్యధికం పీడన జల రియాక్టర్లు. ప్రెషర్ కుక్కర్‌లో మాదిరిగా అధిక పీడనం వల్ల రియాక్టర్‌లోని నీరు వంద డిగ్రీలు దాటినా మరగకుండా వేడిని మోసుకుపోయి, వేరే గొట్టాల్లో ఉన్న మరో నీటికి ఆ వేడిని అందిస్తుంది. ఆవిరయ్యేది ఈ రెండో నీరు, టర్బైన్‌ను తిప్పి ప్రొపెల్లర్‌ను కదిలించేది ఆ ఆవిరి. రియాక్టర్‌ను తాకిన నీరు, టర్బైన్‌ను తాకిన ఆవిరి ఎక్కడా కలవవు కాబట్టి ఇంజను గదిలో పనిచేసే నావికులకు రేడియోధార్మికత సోకే ప్రమాదం తగ్గుతుంది.

ఈ ఏర్పాటులో దేన్నీ మండించడం లేదు కనుక గాలి అవసరం లేదు. జలాంతర్గామికి దీనివల్ల కలిగే లాభం అంతా ఇంతా కాదు. డీజిల్ జలాంతర్గామి నీటి కింద బ్యాటరీలతో నడుస్తుంది. ఆ బ్యాటరీలను మళ్లీ నింపుకోవడానికి డీజిల్ ఇంజన్లు వేయాలి, వాటికి గాలి కావాలి, ఆ గాలి కోసం ఉపరితలం దగ్గరికి వచ్చి గొట్టం పైకి చాచాలి, శత్రువు కంటపడే అవకాశం ఎక్కువగా ఉండే సమయమూ అదే. అణు జలాంతర్గామికి ఈ బెడద లేదు. నావికులు పీల్చే ఆక్సిజన్‌ను, తాగే మంచినీటిని సముద్రపు నీటి నుంచే తయారుచేసుకుంటుంది కాబట్టి అది మునిగి ఉండగలిగే కాలాన్ని నిర్ణయించేది ఇంధనం కాదు, లోపల నిల్వ ఉన్న ఆహారమూ మనుషుల ఓపికా మాత్రమే.

అమెరికా నౌకాదళాధికారి హైమన్ రికోవర్ పట్టుదలతో తయారైన జలాంతర్గామి నాటిలస్ 1955 జనవరి 17న అణుశక్తితో తొలిసారి ప్రయాణించి, 1958 ఆగస్టు 3న మంచు కింది నుంచే ఉత్తర ధ్రువాన్ని దాటింది. ఎనిమిది రియాక్టర్లున్న విమాన వాహక నౌక ఎంటర్‌ప్రైజ్ 1961లో సేవలోకి వచ్చింది. నేడు అణుశక్తితో నడిచే విమాన వాహక నౌకలున్నవి అమెరికా, ఫ్రాన్స్ దేశాలకే. భారత్‌కు చెందిన విక్రాంత్ గ్యాస్ టర్బైన్లతో, విక్రమాదిత్య ఆవిరి బాయిలర్లతో నడుస్తాయి. ఉపరితలంపై తిరిగే నౌకకు గాలి కొరత లేకపోవడం, చమురు నింపే నౌకలు వెంట ఉండటం వల్ల అక్కడ రియాక్టర్ సౌకర్యమే తప్ప తప్పనిసరి కాదు.

ఆకాశంలో ఓడిన రియాక్టర్

విమానాన్ని అణుశక్తితో నడపాలన్న ఆలోచన 1946లోనే అమెరికాలో మొదలైంది. నీటి కింద బరువు పెద్ద సమస్య కాదు గానీ గాలిలో అదే అసలు సమస్య. రేడియోధార్మికత నుంచి పైలట్లను కాపాడాలంటే సీసం, రబ్బరు వంటివాటితో టన్నుల కొద్దీ కవచం కట్టాలి, ఆ కవచాన్ని మోయడానికి విమానం ఇంకా పెద్దది కావాలి. ఎన్‌బీ-36హెచ్ అనే బాంబర్‌లో చిన్న రియాక్టర్‌ను అమర్చి 1955-57 మధ్య 47 సార్లు ఎగరేశారు. కవచం పనితీరును పరీక్షించడమే తప్ప ఆ రియాక్టర్ విమానాన్ని నడిపింది లేదు. అది కూలితే కింద ఉన్న ఊళ్ల గతి ఏమిటన్న ప్రశ్నకు జవాబు దొరకలేదు. సుమారు వంద కోట్ల డాలర్లు ఖర్చయ్యాక 1961లో అధ్యక్షుడు కెనడీ ఆ పథకాన్ని రద్దు చేశారు. సోవియట్ యూనియన్ కూడా టీయూ-95 బాంబర్‌పై ఇదే తరహా ప్రయోగం చేసి ఆపేసింది.

పైలట్ లేని క్షిపణికి కవచం అక్కర్లేదన్న తర్కంతో అమెరికా ప్లూటో పథకాన్ని చేపట్టింది. ఎదురుగా దూసుకొచ్చే గాలిని రియాక్టర్ నేరుగా వేడిచేసి వెనక నుంచి చిమ్మే రామ్‌జెట్ ఇంజను దాని ఆధారం. నెవడా ఎడారిలో 1961లోనూ 1964లోనూ ఆ ఇంజన్లు నేల మీద విజయవంతంగా నడిచాయి. అయితే అది ఎగిరినంత మేరా రేడియోధార్మికతను చిమ్ముకుంటూ పోతుంది, మిత్రదేశాల మీదుగా పోనివ్వలేరు, కనీసం ఎగరేసి పరీక్షించడానికి కూడా చోటు లేదు. ఈలోగా మామూలు ఖండాంతర క్షిపణులు అందుబాటులోకి రావడంతో 1964 జులైలో ఆ పథకమూ ముగిసింది. అర్ధశతాబ్దం తర్వాత, 2018లో, రష్యా ఇదే బాటలో బురెవెస్త్‌నిక్ అనే అణుచోదక క్రూయిజ్ క్షిపణిని ప్రకటించింది. 2025 అక్టోబరులో జరిపిన పరీక్షలో అది 15 గంటల పాటు 14,000 కిలోమీటర్లు ఎగిరిందని ఆ దేశ సైన్యం చెప్పుకుంది. కూలితే ఏమిటన్న పాత ప్రశ్నకు మాత్రం అరవై ఏళ్లయినా కొత్త జవాబేమీ రాలేదు.

విశాఖలో అరిహంత్

అణు జలాంతర్గాములను నడుపుతున్న ఆరు దేశాల్లో భారత్ ఒకటి. తక్కినవి అమెరికా, రష్యా, బ్రిటన్, ఫ్రాన్స్, చైనా. సోవియట్ యూనియన్ నుంచి అద్దెకు తెచ్చిన ఐఎన్ఎస్ చక్ర 1988 నుంచి 1991 దాకా విశాఖపట్నం కేంద్రంగా పనిచేసి మన నావికులకు తొలి అనుభవాన్ని ఇచ్చింది. రియాక్టర్ నమూనాను కల్పాక్కంలో నేల మీద నిర్మించి నడిపిన తర్వాత, విశాఖలోని నౌకా నిర్మాణ కేంద్రంలో సిద్ధమైన ఐఎన్ఎస్ అరిహంత్‌ను 2009 జులై 26న నాటి ప్రధాని మన్మోహన్ సింగ్ సమక్షంలో జలప్రవేశం చేయించారు. సుమారు 6,000 టన్నుల ఆ నౌకకు 83 మెగావాట్ల పీడన జల రియాక్టర్ అమర్చారు. 2013 ఆగస్టులో ఆ రియాక్టర్‌లో గొలుసు చర్య మొదలైంది. అణ్వస్త్రాలతో సముద్రంలో కాపు కాసే తొలి గస్తీని అరిహంత్ పూర్తిచేసినట్టు 2018 నవంబరులో ప్రభుత్వం ప్రకటించగా, దాని తర్వాతిదైన ఐఎన్ఎస్ అరిఘాత్ 2024 ఆగస్టు 29న నౌకాదళంలో చేరింది.

అణ్వస్త్రాన్ని ముందుగా ప్రయోగించబోమన్నది భారత్ ప్రకటిత విధానం. మొదటి దెబ్బ శత్రువుదే అయినప్పుడు నేల మీది స్థావరాలు ధ్వంసమైనా తిరిగి కొట్టే శక్తి ఎక్కడో ఒకచోట భద్రంగా మిగిలి ఉండాలి కాబట్టి, ఎవరికీ కనిపించని జలాంతర్గామికి అంత ప్రాధాన్యం ఏర్పడింది. కనిపించకుండా ఉన్న నౌకకు ఆదేశం చేరవేయడం ఎలా అన్నదే దామగుండానికి దారితీసిన ప్రశ్న.

దామగుండం నుంచి సముద్రంలోకి

మామూలు రేడియో తరంగాలను ఉప్పునీరు పైపొరలోనే పీల్చేసుకుంటుంది. సెకనుకు 3,000 నుంచి 30,000 సార్లు మాత్రమే కంపించే అతి తక్కువ పౌనఃపున్య తరంగాలు, అంటే వీఎల్ఎఫ్ తరంగాలు, భూమి వంపును అనుసరించి వేల కిలోమీటర్లు ప్రయాణించి నీటిలోకి ఇరవై మీటర్ల దాకా చొచ్చుకుపోగలవు. ఈ తరంగం ఒక్కొక్కటి 10 నుంచి 100 కిలోమీటర్ల పొడవుంటుంది కనుక దాన్ని వెలువరించే యాంటెన్నాకు ఎత్తయిన స్తంభాలూ విశాలమైన స్థలమూ కావాలి. సందేశం ఒకవైపే సాగుతుంది. బదులిస్తే తన ఉనికి బయటపడుతుంది కాబట్టి జలాంతర్గామి వినడమే తప్ప పలకదు.

దేశంలో ఇటువంటి మొదటి కేంద్రం తమిళనాడులోని తిరునెల్వేలి వద్ద 1990 నుంచి పనిచేస్తున్నది. రెండోదానికి 2024 అక్టోబరు 15న పూడూరు మండలం దామగుండంలో రక్షణమంత్రి రాజ్‌నాథ్ సింగ్, ముఖ్యమంత్రి రేవంత్ రెడ్డి శంకుస్థాపన చేశారు. సుమారు 2,900 ఎకరాల అటవీ భూమి, 3,200 కోట్ల రూపాయల అంచనా వ్యయం దాని లెక్క. అడవి కొట్టేస్తే వాననీటిని పట్టి ఉంచే నేల పోతుందని, అడవిలోని రామలింగేశ్వరస్వామి గుడికి దారి ఉంటుందో లేదోనని స్థానికులు అభ్యంతరం చెప్పారు. వికారాబాద్ అనంతగిరి గుట్టల్లో పుట్టే మూసీ హైదరాబాద్ మీదుగా నల్లగొండ జిల్లాలో ప్రవహించి వాడపల్లి దగ్గర కృష్ణలో కలుస్తుంది కాబట్టి, ఎగువ అడవికి జరిగే నష్టం పూడూరు మండలంతోనే ఆగేది కాదు.

గుట్టల కింది ఇంధనం

యురేనియం విషయం ఇంతకంటే లోతైనది. ప్రకృతిలో దొరికే యురేనియంలో విచ్ఛిత్తికి పనికొచ్చే యురేనియం-235 పాళ్లు 0.7 శాతమే. నౌకలోని ఇరుకు చోటులో ఇమిడే చిన్న రియాక్టర్‌కు ఆ పాళ్లు బాగా పెరిగిన ఇంధనం కావాలి. అందుకోసం ముడిరాయి నుంచి తీసిన యురేనియాన్ని వాయువుగా మార్చి, అతివేగంగా తిరిగే సెంట్రిఫ్యూజ్ గొట్టాల్లో తేలిక పరమాణువులను బరువైనవాటి నుంచి వేరుచేస్తారు. మైసూరు దగ్గరి రత్నహళ్లిలో ఈ పని జరుగుతుంది. 2008లో అణు సరఫరా దేశాల కూటమి ఇచ్చిన మినహాయింపు తర్వాత రష్యా, కజకిస్థాన్, కెనడాల నుంచి యురేనియం దిగుమతి సాధ్యమైనా, అది అంతర్జాతీయ తనిఖీలో ఉన్న విద్యుత్ కేంద్రాల్లోనే వాడాలన్న షరతు ఉంది. సైనిక అవసరాలకు స్వదేశీ యురేనియమే దిక్కు. జలాంతర్గాములకు కావలసిన ఇంధనం విద్యుత్ కేంద్రాల అవసరంతో పోలిస్తే తక్కువే అయినా, జార్ఖండ్‌లోని జాదుగూడ, కడప జిల్లాలోని తుమ్మలపల్లె వంటి స్వదేశీ గనుల విలువ ఈ షరతు వల్ల పెరిగింది. అదే చూపు నల్లగొండ గుట్టల మీదా పడింది.

నాగార్జునసాగర్ దగ్గరి లంబాపూర్, పెద్దగట్టు గుట్టలు పైన బల్లపరుపుగా ఉంటాయి. ఆ పైభాగం శ్రీశైలం క్వార్ట్‌జైట్ అనే గట్టి ఇసుకరాతి పొర. దాని అడుగున అంతకంటే ఎంతో ప్రాచీనమైన గ్రానైట్ ఉంటుంది. కోట్ల ఏళ్ల ఎడంతో ఏర్పడిన ఈ రెండు శిలలు కలిసే సంధి వెంబడే యురేనియం చేరింది. అణు ఖనిజాల అన్వేషణ విభాగం గుట్టల మీద బోర్లు వేసి, పైకి వచ్చిన కడ్డీల వంటి రాతి ముక్కలను పరీక్షించి ఈ నిక్షేపాన్ని నిర్ధారించింది. చందంపేట మండలంలోని చిత్రియాల నిక్షేపమూ ఈ కోవలోనిదే. మన గనుల్లో టన్ను ముడిరాతికి ఒక కిలో యురేనియం దొరకడమే గగనం; మిగిలిన రాతిపిండి, అందులోని రేడియంతో సహా, గని దగ్గరే వ్యర్థాల చెరువులో శాశ్వతంగా ఉండిపోతుంది.

ఇక్కడ గనులు తవ్వాలన్న యురేనియం కార్పొరేషన్ ప్రతిపాదనపై 2003 ఆగస్టులో పెద్దగట్టు వద్ద జరిగిన ప్రజాభిప్రాయ సేకరణలో తీవ్ర వ్యతిరేకత వెల్లడైంది. గనుల పక్కనే నాగార్జునసాగర్ జలాశయం ఉంది. దేవరకొండ ప్రాంతంలో ప్రతిపాదించిన శుద్ధి కర్మాగారానికి దగ్గరలో హైదరాబాద్‌కు కృష్ణా నీళ్లు అందించే అక్కంపల్లి రిజర్వాయర్ ఉంది. నేలలోని ఖనిజం నీటిలో కలిస్తే ఏమవుతుందో మర్రిగూడ, మునుగోడు ప్రాంతాల ఫ్లోరోసిస్ బాధితుల ద్వారా తరతరాలుగా తెలిసిన జిల్లా అది. ఆ గనులు తెరుచుకోలేదు. 2019లో అమ్రాబాద్ పులుల అభయారణ్యంలో 83 చదరపు కిలోమీటర్ల మేర సుమారు 4,000 బోర్లు వేసి అన్వేషించే ప్రతిపాదనకు కేంద్ర అటవీ సలహా కమిటీ సూత్రప్రాయంగా ఒప్పుకోగానే చెంచు పెంటల నుంచి హైదరాబాద్ దాకా నిరసన వెల్లువెత్తి, ఆ ఏడాది సెప్టెంబరు 16న తెలంగాణ శాసనసభ యురేనియం తవ్వకాలకు వ్యతిరేకంగా ఏకగ్రీవ తీర్మానం చేసింది.

రహస్యం దేనికి, ఎంతవరకు?

ఏడు దశాబ్దాల అనుభవం తేల్చినది ఒకటే: గాలి లేని చోట, బరువు సమస్య కాని చోట అణు చోదనానికి సాటి లేదు, ఆకాశంలో దానివల్ల లాభం కన్నా ముప్పే ఎక్కువ. జలాంతర్గామి రియాక్టర్ ఎంత ఇంధనంతో, ఎంత లోతులో, ఏ దిక్కున నడుస్తున్నదో రహస్యంగా ఉంచడం న్యాయమే. గుట్ట తవ్వితే బోరుబావిలోకి ఏం చేరుతుంది, వ్యర్థాల చెరువు కట్ట ఎంతకాలం నిలుస్తుంది, అడవి పోతే బతుకుతెరువు ఏమిటి అన్న ప్రశ్నలు మాత్రం సైనిక రహస్యాలు కావు. అటువంటి ప్రశ్నలు వేసే వేదిక 2003లో పెద్దగట్టు ప్రజలకు దక్కింది. రక్షణ శాఖ, అణుశక్తి శాఖల వినతి మేరకు కేంద్ర పర్యావరణ శాఖ 2025 సెప్టెంబరులో అణు ఖనిజాల గనులను ప్రజాభిప్రాయ సేకరణ నుంచి మినహాయించింది. దేశ రక్షణకు అవసరమైన ఖనిజమే అయినా, దాని మీద నివసించే ప్రజల మాట వినకుండా తవ్వడం రక్షణ అనిపించుకోదు. ఆ మినహాయింపును ప్రభుత్వం వెనక్కి తీసుకోవాలి.