తాళము త్రిప్పని చేయి

1983లో జాన్ బాడమ్ దర్శకత్వమున వెలువడిన ‘వార్‌గేమ్స్’ అను అమెరికా చలనచిత్రము యంత్రముతో గాక, ఒక మనుష్యుని సంకోచముతో ప్రారంభమగును. అణుక్షిపణులుంచిన భూగర్భ గృహమున ఇద్దరు సైనికాధికారులకు ప్రయోగాజ్ఞ అందును. ఇరువురును ఒక్కమారే తాళములు త్రిప్పవలెను. ఒకడు త్రిప్పలేడు. రెండుకోట్ల మందిని చంపుటకు ముందు పైవారితో ఒక్కమాట మాట్లాడవలెనని పట్టుపట్టును. రెండవవాడు పిస్తోలు ఎత్తును. అది పరీక్ష మాత్రమే యని వారెరుగరు. నూటికి 22 మంది ఇట్లే విఫలులైరని తేలగా, మనుష్యులను తొలగించి ‘వోపర్’ అను గణనయంత్రమునకు ఆ పని యప్పగింతురు.

‘విఫలులు’ అను మాటను గమనింపుడు. సేన లోపముగా లెక్కించినదానినే మనము అంతరాత్మ యందుము. కథలోని చిక్కంతయు ఈ పేరుమార్పిడిలోనే యున్నది.

యంత్రమునకు క్రీడకును యుద్ధమునకును భేదము తెలియదు. క్రౌర్యము లేదు, చావను భావమే లేదు. తుదకు తొమ్మిది గళ్లలో సున్నాలు, గుణకారపు గుర్తులు వేయు పిల్లల ఆటను తనతో తానే ఆడి, అందు గెలుపు లేదని గ్రహించి, అణుయుద్ధమును విరమించును. దీనిని చైతన్యమందుమా? నాకు సందేహమే. గెలుపు దొరకినచో నేమి చేసెడిదో చిత్రము చెప్పదు. మొదటి దృశ్యములోని అధికారి మాత్రము గెలుపోటములు లెక్కింపలేదు.

చిత్రము వెలువడిన యేటనే, సెప్టెంబరు 26న, అయిదు అమెరికా క్షిపణులు వచ్చుచున్నవని సోవియట్ అధికారి స్టానిస్లావ్ పెట్రోవ్‌నకు యంత్రము చూపెను. అతడు దానిని నమ్మక, పొరపాటని పైవారికి తెలిపెను. మేఘములపై మెరసిన సూర్యకాంతిని ఉపగ్రహము క్షిపణులుగా భ్రమించినది.