మీకు తెలుసా? స్తంభం నుంచి స్విచ్‌బోర్డు దాకా

నరసన్నపేట నుంచి టెక్కలి వైపు పోతూ కరెంటు స్తంభాలను గమనించండి. పైన అల్యూమినియం తీగలుంటాయి. చాలాచోట్ల వాటి కింద నల్లటి కేబుల్ ఒకటి సాగిపోతూ ఉంటుంది. అందులో పారేది కరెంటు కాదు, వెలుగు.

ఊరూరికీ ఇంటర్నెట్ ఇవ్వాలనుకున్నప్పుడు ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం రోడ్లు తవ్వే పని పెట్టుకోలేదు. అప్పటికే పాతి ఉన్న కరెంటు స్తంభాలనే వాడుకుంది. అలా పుట్టిన ఏపీ ఫైబర్‌నెట్‌ను 2017 డిసెంబరు 27న అప్పటి రాష్ట్రపతి రామ్‌నాథ్ కోవింద్ ప్రారంభించారు. ఇంటర్నెట్, టీవీ, ఫోను మూడూ కలిపి అప్పట్లో నెలకు 149 రూపాయల నుంచి ఇచ్చారు. ఇరవై వేల కిలోమీటర్లకు పైగా కేబుల్ ఇలా గాలిలోనే సాగింది.

11 వేల వోల్టుల తీగల కింద ఇంటర్నెట్ కేబుల్ కట్టడం ప్రమాదం కాదా? కాదు. ఈ కేబుల్లో వెలుగు నడిచేది గాజు పోగులో, గాజులో కరెంటు పారదు. ఈ రకం కేబుల్‌ను ఏడీఎస్ఎస్ అంటారు. లోపల ఎక్కడా లోహం ఉండదు, స్తంభానికీ స్తంభానికీ మధ్య తన బరువు తానే మోసుకుంటుంది. వెలుగు నడిచే గాజు దారి 9 మైక్రాన్లే, అంటే తలవెంట్రుక మందంలో చిన్న వంతు. అందులో వెలుగు సెకనుకు సుమారు 2 లక్షల కిలోమీటర్లు పోతుంది. నరసన్నపేట నుంచి విశాఖ చేరడానికి సెకనులో వెయ్యో వంతు కూడా అక్కర్లేదు.

అయితే స్తంభం నుంచి మన ఇంట్లోకి వచ్చే సన్నటి కేబుల్ సంగతి వేరు. లాగినా తెగకుండా ఉండాలని దాని పక్కన చాలాసార్లు ఉక్కు తీగ ఉంటుంది. కేబుల్ టీవీ వైరులోనైతే రాగి ఉండనే ఉంటుంది. గాలివానకు తెగి కరెంటు తీగ మీద పడితే ఇవి కూడా షాక్ కొడతాయి. ‘నెట్ వైరే కదా’ అని చేత్తో పక్కకు తీయకండి. విద్యుత్ సంస్థ నంబరు 1912కు ఫోన్ చేయండి. పిల్లలకు ఈ మాట తప్పక చెప్పండి.

ఒకే స్తంభం మీద కరెంటు, ఇంటర్నెట్ రెండూ ఉంటే ఖర్చు తగ్గుతుంది, నిజమే. స్తంభం కూలితే రెండూ పోతాయన్నదీ అంతే నిజం. 2018 అక్టోబరు 11 తెల్లవారుజామున తిత్లీ తుపాను పలాస దగ్గర తీరం దాటినప్పుడు ఉద్దానం ప్రాంతంలో కొబ్బరి చెట్లతో పాటు వేల స్తంభాలు నేలకొరిగాయి. బయటి జిల్లాల నుంచి కూడా విద్యుత్ సిబ్బంది వచ్చి, బురదలో నిలబడి, మళ్లీ ఒక్కో స్తంభం పాతుతూ వెలుగు తెచ్చారు. వాళ్ల రుణం శ్రీకాకుళం జిల్లా మరవకూడదు. అంతకు నాలుగేళ్ల ముందు, 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తుపాను దెబ్బ తిన్న విశాఖలో ఆ తర్వాత ప్రపంచ బ్యాంకు రుణంతో భూగర్భ కేబుళ్లు వేశారు. తుపాను దారిలోనే ఉన్న మన చిన్న ఊళ్లకూ ఆ రక్షణ రావాలి.

ఇక ఇంట్లోకి, దుకాణంలోకి వద్దాం. నగల దుకాణాల్లో సీసీ కెమెరాలకు వేసే నెట్‌వర్క్ కేబుల్ విప్పితే ఎనిమిది తీగలు, నాలుగు జతలుగా మెలితిరిగి కనిపిస్తాయి. మెలిక అందానికి కాదు. పక్కనున్న కరెంటు వైరు ప్రభావం జతలోని రెండు తీగల మీదా దాదాపు సమానంగా పడి, చివర్లో రద్దయిపోతుంది. ఈ ఉపాయానికి టెలిఫోన్ సృష్టికర్త గ్రాహంబెల్ 1881లోనే పేటెంటు తీసుకున్నారు. ఒక్కో జత మెలిక ఒక్కో తీరుగా ఉండేది కూడా జతలు ఒకదాన్నొకటి చెడగొట్టకుండానే. కాబట్టి క్లిప్పు బిగించేటప్పుడు మెలికను సెంటీమీటరుకు మించి విప్పనివాడే మంచి పనివాడు. కేబుల్ పొడవు 100 మీటర్లు దాటకూడదు. కరెంటు వైర్లున్న పైపులోనే దీన్నీ దూర్చకూడదు.

కొనేటప్పుడు తీగను బ్లేడుతో గీకి చూడండి. లోపల తెల్లగా మెరిస్తే అది అల్యూమినియం మీద రాగి పూత. కెమెరాకు కరెంటు కూడా ఆ కేబుల్లోనే పంపితే ఇలాంటి తీగ ఎక్కువ వేడెక్కుతుంది, దూరాన ఉన్న కెమెరాకు శక్తి చాలదు.

రంగుల దగ్గర జాగ్రత్త. మన దగ్గర ఎరుపు, పసుపు, నీలం మూడూ ఫేజులు. నలుపు న్యూట్రల్, ఆకుపచ్చ ఎర్తు. బ్రిటన్‌లో కూడా ఒకప్పుడు ఇవే రంగులు. 2006 నుంచి అక్కడ కొత్త వైరింగుకు యూరప్ పద్ధతే తప్పనిసరి: గోధుమ రంగు ఫేజు, నీలం న్యూట్రల్. మనం కొనే మిక్సీ, ఫ్రిజ్జు తీగల్లోనూ గోధుమ, నీలమే ఎక్కువ. అంటే ఒకే ఇంట్లో త్రీఫేజ్ మీటరు దగ్గర నీలం ముట్టుకుంటే ప్రాణం తీస్తుంది, మిక్సీ తీగలో నీలం న్యూట్రల్. రంగును నమ్మి ఏ తీగనూ ముట్టకండి, ముందు టెస్టరు పెట్టండి.

మూడు పిన్నుల ప్లగ్గులో పైదే ఎందుకు పొడుగ్గా ఉంటుంది? గుచ్చేటప్పుడు ఎర్తు అన్నిటికంటే ముందు తగలాలి, లాగేటప్పుడు చివర్న వదలాలి. ఆ ఎర్తు తీగ ఇంటి బయట గోతిలోని పైపుకు చేరుతుంది. ఉప్పు, బొగ్గు, మధ్యలో కనీసం రెండున్నర మీటర్ల పైపు. తేమ ఉన్నంతవరకే అది పనిచేస్తుంది. మన తీరం ఇసుక నేలల్లో నీరు ఇట్టే ఇంకిపోతుంది కనుక ఎండాకాలంలో ఆ గోతిలో నీళ్లు పోయాలి. పైగా ఉప్పు ఇనుమును తినేస్తుంది. పదేళ్ల కిందటి పైపు లోపల ఎంత మిగిలిందో పైకి కనబడదు.

ఎంసీబీ ఉంది కదా అని ధైర్యపడేవాళ్లు ఎక్కువ. అది కాపాడేది వైరును. 16 ఆంపియర్ల ఎంసీబీ, మనిషి ఒంట్లోంచి పారే కొద్దిపాటి కరెంటుకు పడిపోదు. మనిషి కోసం ఉన్నది ఆర్‌సీసీబీ. ఇళ్లలో పెట్టేది 30 మిల్లీఆంపియర్లది. 9 వాట్ల ఎల్‌ఈడీ బల్బు వెలగడానికే దాదాపు 40 కావాలి. అంతకన్నా తక్కువైన ఆ 30 మిల్లీఆంపియర్లు దారి తప్పినా ఆర్‌సీసీబీ రెప్పపాటులో కరెంటును ఆపేస్తుంది. దాని మీద ‘టి’ అనే చిన్న బటన్ ఉంటుంది. కరెంటు ఉన్నప్పుడు నెలకోసారి నొక్కండి, పడిపోకపోతే ఆ రోజే మార్పించండి. ఆ బటన్ ఆర్‌సీసీబీ సంగతి మాత్రమే చెబుతుంది, ఎర్తు సంగతి చెప్పదు. దానికి కొలిచే మీటరున్న ఎలక్ట్రీషియన్‌ను పిలవాల్సిందే.