వృత్తి హ్యాండ్‌బాల్ క్రీడాకారుని జీవితం: ఇస్ఫహాన్ నేర్పే పాఠం

ఆటను నమ్ముకొని మనిషి బ్రతుకగలడా? మైదానం నుండి ప్రొద్దుపోయి ఇల్లు చేరే కుమారుని చూచి ప్రతి తండ్రీ వేసే ప్రశ్న ఇది. ఉప్పల్, నాచారం ప్రాంతాల వారికి దీనికి చప్పున స్ఫురించే సమాధానం క్రికెట్. 2005 నవంబరు 16న భారత్, దక్షిణాఫ్రికా జట్ల పోటీతో అంతర్జాతీయ క్రికెట్‌కు వేదికైన ఉప్పల్ స్టేడియం మన కళ్ళ ముందే ఉన్నది. కాని క్రికెట్‌ను చూచి క్రీడావృత్తిని అంచనా వేయడం, జమీందారును చూచి వ్యవసాయాన్ని అంచనా వేయడం వంటిది. ఆ ఆటకున్న ధనబలం, ప్రచారబలం మన దేశంలో మరే ఆటకూ లేవు. కావున అంతటి వైభవం లేని ఒక ఆటను, ఆ ఆటలో క్రమక్రమంగా ఎదిగిన ఒక దేశాన్ని ఈ వ్యాసంలో పరిశీలింప దలచినాము. ఆ ఆట హ్యాండ్‌బాల్. ఆ దేశం ఇరాన్.

ముందుగా ఆటను గూర్చి నాలుగు మాటలు. హ్యాండ్‌బాల్ కోర్టు పొడవు 40 మీటర్లు, వెడల్పు 20 మీటర్లు. ఒక్కొక్క జట్టులో గోల్‌కీపరుతో కలిపి ఏడుగురు ఆడుతారు. ఆట 30 నిమిషాల చొప్పున రెండు భాగాలుగా సాగుతుంది. గోలు 3 మీటర్ల వెడల్పు, 2 మీటర్ల ఎత్తు గలది. దాని ముందు 6 మీటర్ల దూరాన గీసిన గీతకు లోపలి ప్రదేశం గోల్‌కీపరుదే. ఇతరులు ఆ గీతను తొక్కరాదు. గీతకు వెలుపల నుండి గాలిలోకి ఎగిరి, కాలు నేలను తాకక ముందే బంతిని విసరవచ్చును. ఆటలోని సొగసంతా ఆ ఒక్క క్షణంలోనే ఉన్నది. బంతిని చేత పట్టుకొని మూడు అడుగులకు మించి నడవరాదు. మూడు సెకనులకు మించి నిలుపుకొనరాదు. కాబట్టి ఎంతటి మొనగాడైనా బంతిని ఎక్కువసేపు తన చేతనే పట్టుకొని ఉండలేడు. ఒంటరి ప్రతిభకు ఈ ఆటలో చోటు తక్కువ అనుట అతిశయోక్తి కాదు.

1936 బెర్లిన్ ఒలింపిక్ క్రీడలలో ఈ ఆటను పచ్చిక మైదానంలో పదకొండుగురేసి ఆడినారు. నేడు మనమెరిగిన ఏడుగురి ఆట 1972 మ్యూనిచ్ ఒలింపిక్స్‌లో పురుషులకు, 1976 మాంట్రియల్ ఒలింపిక్స్‌లో స్త్రీలకు ప్రవేశపెట్టబడినది. భారతదేశంలో హ్యాండ్‌బాల్ సమాఖ్య 1972లోనే ఏర్పడినది. ఆసియా క్రీడలలో ఈ ఆట మొదటిసారి కనిపించినది మన ఢిల్లీలోనే, 1982లో. అనగా ఆసియా ఖండపు క్రీడోత్సవంలో హ్యాండ్‌బాల్ అడుగిడినది మన గడ్డ మీదనే. ఆ తరువాత ఇరాన్ ఎంత దూరం వెళ్ళినదో, మనమెక్కడ నిలిచినామో చూచుకొనుట అవసరం.

ఇరాన్ దేశంలో ఈ ఆటకు పేరుపొందిన పట్టణాలలో ఇస్ఫహాన్ ముఖ్యమైనది. ఆ పేరు హైదరాబాదు వారికి క్రొత్త కాదు. కుతుబ్‌షాహీల కాలంలో మీర్ మొమిన్ అస్త్రాబాదీ పర్యవేక్షణలో రూపుదిద్దుకొన్న మన నగరాన్ని "నూతన ఇస్ఫహాన్" అని కొనియాడినట్లు చరిత్రకారులు చెబుతారు. ఆ ఇస్ఫహాన్ నేడు ఉక్కు నగరం కూడా. అక్కడి రెండు ప్రసిద్ధ క్రీడాసంఘాలైన జౌబ్ ఆహన్, సెపాహాన్‌లు రెండు ఉక్కు కర్మాగారాల నీడలో పెరిగినవి. ఉర్దూ ఎరిగిన మన విద్యార్థులకు ఈ పేర్లు సులభంగా బోధపడతాయి. ఆహన్ అనగా ఇనుము. జౌబ్ ఆహన్ అనగా ఇనుమును కరిగించుట. సెపాహాన్‌ను పోషించే ముబారకే కర్మాగారం పేరులోని "ఫూలాద్" మన దక్కనీ ఉర్దూలోని ఫౌలాదే. ఫుట్‌బాల్‌లో ఈ రెండు సంఘాల కీర్తి లోకవిదితం. అయితే అవే సంఘాలు హ్యాండ్‌బాల్ జట్లను కూడా నడిపినవి.

ఇక్కడనే అసలు విషయమున్నది. ఇరాన్ క్రీడాకారుని వృత్తిజీవితం నాలుగు మెట్లుగా సాగుతుంది. మొదటి మెట్టు పాఠశాల, పేట కోర్టు. రెండవది సంవత్సరంలో అధిక భాగం జీతమిచ్చి ఆడించే సంఘం. మూడవది జాతీయ జట్టు. నాలుగవది విదేశీ ఒప్పందం. వీటిలో రెండవ మెట్టే కీలకం. పదునెనిమిదేండ్ల యువకుడు ఉదయం ఒక పూట, సాయంత్రం ఒక పూట సాధన చేయవలెనంటే అతని తిండిఖర్చు ఎవరో ఒకరు భరించవలె. ఉక్కు కర్మాగారం వంటి పెద్ద సంస్థ ఆ భారం మోసినప్పుడు ఆట వృత్తి అవుతుంది. లేనప్పుడు ఎంత ప్రతిభ ఉన్నా అది కాలక్షేపంగానే ముగుస్తుంది.

ఈ ఏర్పాటుకు ఫలితం వెంటనే రాలేదు. 2010 గ్వాంగ్‌జౌ ఆసియా క్రీడలలో ఇరాన్ పురుషుల జట్టు ఫైనల్ చేరి, దక్షిణ కొరియా చేతిలో ఓడి రజత పతకం అందుకొన్నది. 2014లో బహ్రెయిన్‌లో జరిగిన ఆసియా ఛాంపియన్‌షిప్‌లో మూడవ స్థానం సంపాదించి, తద్వారా 2015లో ఖతార్‌లో జరిగిన ప్రపంచ ఛాంపియన్‌షిప్‌లో మొట్టమొదటిసారి పాల్గొన్నది. అల్లాహ్‌కరమ్ ఎస్తెకీ, సజ్జాద్ ఎస్తెకీ వంటివారు ఆ తరం క్రీడాకారులు. రెండవసారి ఆ అర్హత దక్కినది 2023లో. మధ్యలో ఎనిమిదేండ్లు! ఒక హ్యాండ్‌బాల్ క్రీడాకారుని శరీరం ఉచ్చస్థితిలో ఉండే కాలమంతా దాదాపు అంతే. అనగా ప్రపంచ వేదికపై నిలిచే అవకాశం ఒక తరానికి ఒక్కసారి వచ్చినది. ఆ ఒక్కసారి మోకాలు సహకరింపకపోతే ఇక లేదు.

నాలుగవ మెట్టును గూర్చి కూడ తెలిసికొనవలె. హ్యాండ్‌బాల్‌కు అసలైన సంత యూరపు. జర్మనీ, ఫ్రాన్స్, స్పెయిన్, హంగరీ, డెన్మార్క్ దేశాలలో శరత్కాలం నుండి వేసవి దాకా లీగ్ పోటీలు సాగుతాయి. 1991లో ఇరాన్‌లో జన్మించిన ఇమాన్ జమాలీ హంగరీలోని సుప్రసిద్ధమైన వెస్‌ప్రేమ్ సంఘంలో చేరి, ఆ దేశపు పౌరసత్వం పొంది, హంగరీ జాతీయ జట్టు పక్షాన ఆడినాడు. ఒక దేశపు జాతీయ జట్టుకు ఆడినవాడు మరొక దేశానికి ఆడదలచినచో మూడేండ్లు అధికారిక పోటీలకు దూరంగా ఉండవలెనన్నది అంతర్జాతీయ నియమం. ఈ నియమానికి లోబడియే ఖతార్ దేశం పలు దేశాల క్రీడాకారులను చేర్చుకొని 2015లో ఫైనల్ దాకా వెళ్ళినది. ఫ్రాన్స్ చేతిలో 25–22 తేడాతో ఓడినను, యూరపు వెలుపలి దేశానికి ప్రపంచ ఛాంపియన్‌షిప్‌లో పతకం రావడం అదే ప్రథమం. జెండా మార్చుట న్యాయమా అని కొందరు ప్రశ్నింతురు. ఇంజనీరు, వైద్యుడు పని వెదకుకొంటూ దేశం దాటినప్పుడు మనం అడగని ప్రశ్నను క్రీడాకారుని మాత్రమే అడుగుట ఎంతవరకు సమంజసమో పాఠకులు ఆలోచింపవలె. అతడు కూడా తన పని విలువ ఎరిగిన చోటికే పోతున్నాడు.

కాని ఈ దారి పూలబాట కాదు. ఇరాన్ యువకునికి సైనిక సేవ తప్పనిసరి. దాని లెక్క తేలనిదే విదేశ ప్రయాణం సులభం కాదు. ఎగిరి దిగేటప్పుడు మోకాలి కీళ్ళకు, చీలమండకు, బలంగా విసిరేటప్పుడు భుజానికి దెబ్బలు తగులుట ఈ ఆటలో సర్వసాధారణం. ముప్పది అయిదేండ్లు దాటిన తరువాత పెద్ద లీగులలో నిలిచేవారు కొద్దిమందే. గోల్‌కీపర్లు మాత్రం మరికొంత కాలం నెగ్గుకొస్తారు. తక్కిన వృత్తులలో మనిషి అనుభవంతో పైకి వచ్చే వయస్సులో క్రీడాకారుడు పదవీవిరమణ చేస్తాడు. మిగిలిన ముప్పది యేండ్లు ఎట్లా గడవవలెనన్న ఆలోచన ఇరువదవ యేటనే మొదలు కావలె.

ఇరాన్ స్త్రీల కథ మా కళాశాల విద్యార్థినులు ప్రత్యేకంగా తెలిసికొన దగినది. 2021 డిసెంబరులో స్పెయిన్ దేశంలో జరిగిన ప్రపంచ ఛాంపియన్‌షిప్‌లో ఇరాన్ స్త్రీల జట్టు మొదటిసారి పాల్గొన్నది. తలను, చేతులను, కాళ్ళను పూర్తిగా కప్పే దుస్తులతోనే వారు ఆడినారు. పెద్ద జట్ల చేతిలో భారీ తేడాలతో ఓడినారు. అయినను ఒక పోటీలో వారి గోల్‌కీపర్ ఫాతిమా ఖలీలీ ఉత్తమ క్రీడాకారిణిగా ఎన్నికై, ఆ ప్రకటన విని కన్నీరు పెట్టుకొన్నది. ఓడిన జట్టులో నుండి ఒక యువతి అంతటి గుర్తింపు పొందుట సామాన్య విషయం కాదు. దుస్తులు అడ్డమనీ, ఆడపిల్లలకు ఆట తగదనీ చెప్పేవారికి ఇంతకన్న వేరే సమాధానం అక్కరలేదు.

ఇక మన సంగతి. హైదరాబాదుకు వృత్తి క్రీడాకారుడన్న భావన క్రొత్తది కాదు. పాఠశాల ఉపాధ్యాయుడైన రహీం సాబ్ శిక్షణలో భారత ఫుట్‌బాల్ జట్టు 1962 జకార్తా ఆసియా క్రీడలలో స్వర్ణం గెలిచినది. 1949లో ఈ నగరంలో పుట్టిన మహమ్మద్ హబీబ్ కలకత్తా చేరి, ఉద్యోగం చేస్తూ ఆడే ఆనవాయితీని కాదని, ఆటనే పూర్తికాల వృత్తిగా స్వీకరించినాడు. 1970 బ్యాంకాక్ ఆసియా క్రీడలలో కాంస్యం గెలిచిన జట్టులో ఆడినాడు. 1977లో పెలె ఆడిన కాస్మోస్ జట్టును ఈడెన్ గార్డెన్స్‌లో ఎదిరించిన మోహన్ బగాన్ జట్టులోనూ ఆడినాడు. 1980లో అర్జున పురస్కారం పొందినాడు. ఆట విరమించిన పిదప జంషెడ్‌పూర్‌లోని టాటా ఫుట్‌బాల్ అకాడమీలో శిక్షకుడైనాడు. 2023 ఆగస్టు 15న హైదరాబాదులోనే కన్నుమూసినాడు. హైదరాబాదు బిడ్డకు కూడా చివరకు ఆశ్రయమిచ్చినది ఉక్కు కర్మాగారం పోషించిన క్రీడాసంస్థయే అన్నది గమనార్హం.

హ్యాండ్‌బాల్ విషయంలో మన దేశంలో ఆ రెండవ మెట్టు ఇంకా బలపడలేదు. మన క్రీడాకారునికి నేడు ఆధారం రైల్వే, సైన్యం, పోలీసు శాఖలలో స్పోర్ట్స్ కోటా ఉద్యోగం. అది గౌరవప్రదమైన ఆధారమే, కాని అది ఉద్యోగం. ఆట దానికి దారి మాత్రమే. 2022 జూన్‌లో ఆసియా సంఘాల ఛాంపియన్‌షిప్ హైదరాబాదులో జరిగినది. 2023 జూన్‌లో ప్రీమియర్ హ్యాండ్‌బాల్ లీగ్ జైపూరులో జరిగి, ఆరు జట్లలో తెలుగు టాలన్స్ పేరిట మన ప్రాంతపు జట్టు కూడా ఆడినది. సంతోషమే. అయితే ఆ పోటీ మూడు వారాల లోపుననే ముగిసినది. మూడు వారాలు వెలిగే దీపంతో ఏడాది పొడుగునా వంట కాదు. ఇస్ఫహాన్‌లో ఉన్నదీ, మనకు లేనిదీ ప్రతిభ కాదు. నెల నెలా జీతమిచ్చే సంఘం.

కావున విద్యార్థి మిత్రులకు మేము చెప్పునది రెండు మాటలే. ఆడండి, మనసు పెట్టి ఆడండి. కాని పుస్తకం మూసివేసి ఆడవద్దు. డిగ్రీ చేతనున్న క్రీడాకారుడు గాయపడినను నిలువగలడు. వ్యాయామవిద్య, ఫిజియోథెరపీ, అంపైరింగ్, శిక్షణ వంటి మార్గాలు అతనికి తెరిచియే ఉంటాయి. అంతర్జాతీయ శిక్షకునితో మాటలాడుటకు ఆంగ్లం, గల్ఫ్ దేశాల సంఘాలకు పోదలచినవారికి అరబ్బీ అక్కరకు వస్తాయి. ఉర్దూ మాధ్యమంలో చదివినవారు అరబ్బీ లిపిని సులభంగా చదువగలరు. ఆ సౌలభ్యాన్ని తక్కువగా చూడరాదు.

కళాశాల పాలకవర్గం వారికి మా విన్నపం ఒక్కటి. హ్యాండ్‌బాల్ కోర్టుకు కావలసిన స్థలం 800 చదరపు మీటర్లు, అనగా సుమారు 957 చదరపు గజాలు. ప్రక్కల ఒక మీటరు, గోళ్ళ వెనుక రెండు మీటర్లు విడిచినను 1,160 గజాలకు మించదు. ఒక ఫుట్‌బాల్ మైదానంలో ఇటువంటివి ఏడు పడతాయి. స్థలం గజాల లెక్కన అమ్ముడుపోయే ఉప్పల్, నాచారం ప్రాంతాలలో ఇరువైపుల పదునలుగురు విద్యార్థులు ఒకేసారి ఆడుకొనగల ఆటకు ఇంతకన్న తక్కువ చోటు చాలదు, ఎక్కువ అక్కరలేదు. చదును చేసిన నేల, సున్నపు గీతలు, వలలు కట్టిన రెండు గోళ్ళు, నాలుగు బంతులు ఉంటే చాలును. విద్యార్థినులకు ప్రత్యేక సమయం కేటాయింపవలె. నాచారం పారిశ్రామికవాడలోని యాజమాన్యాలను కలిసి, ఒక్కొక్క సంస్థ ఒక్కొక్క జట్టును పోషించేటట్లు ఒప్పింపగలిగితే అంతర్ కర్మాగార పోటీలు మొదలు కాగలవు. ఇస్ఫహాన్‌లో ఉక్కు చేసిన మేలును నాచారంలో చిన్న పరిశ్రమలన్నీ కలిసి కొంతవరకైనా చేయలేకపోవు.

మొదటి మెట్టు వేయవలసినది కళాశాల. రెండవ మెట్టు వేయవలసినది సమాజం. తక్కిన రెండు మెట్లు ఎక్కే కాళ్ళు మన పిల్లలకు ఉన్నవని మేము నమ్ముచున్నాము.